మాగ్మా పాడుకునే లోకం: కథ మొదలుపెట్టే ముందు వేసుకోవలసిన లెక్కలు

భూమి అడుగున మాగ్మా (కరిగిన రాయి) ఆలోచిస్తుంది, ఆ ఆలోచన సంగీతంగా పారుతుంది అని ఒక్క వాక్యం రాసేయడం తేలికే. చిక్కంతా మూడో పేజీలో మొదలవుతుంది. ఆ పాట ఎంత దూరం పోతుంది? ఎంతసేపట్లో పోతుంది? మనిషి చెవికి అందుతుందా? మాగ్మా చల్లారితే పాట ఏమైపోతుంది? వీటికి ఒక అధ్యాయంలో ఒక జవాబు, ఇంకో అధ్యాయంలో ఇంకో జవాబు చెబితే అది నేల విడిచిన సామే.

చాలామంది ముందు ఒక రాగం మీద మనసు పడి, దానికి అగ్నిపర్వతాన్ని తొడుగుతారు. తిరగేయండి. ముందు ఏ మాగ్మా, తర్వాత అది పైకెక్కే గొట్టం ఎంత పొడవు, తర్వాత ఎన్ని బుడగలు. ఈ మూడూ తేలితే శ్రుతి, రాగం, తాళం, పాత్రల స్వభావం వాటంతటవే బయటికొస్తాయి. కావలసిన సరంజామా ఒక కాలిక్యులేటర్, రెండు తెల్లకాగితాలు.

మోసేది తరంగమా, ద్రవమా?

ఆలోచనను మాగ్మా "మోస్తుంది" అంటే రెండు రకాలుగా మోయవచ్చు. ద్రవం ఉన్నచోటే ఉండి, ధ్వని తరంగం దాని గుండా దాటిపోవచ్చు. లేదా ఆలోచన బుడగల అమరికలోనో స్ఫటికాల పొరల్లోనో సరుకుగా ఇమిడి, ద్రవంతో పాటే కదలవచ్చు. ఈ రెండింటి వేగాలకు పొంతనే లేదు. బుడగలు లేని బసాల్ట్ (పలచగా పారే రకం) మాగ్మాలో ధ్వని సెకనుకు సుమారు 2,500 మీటర్లు పోతుంది. అదే మాగ్మా తాను పైకి ఎక్కడం, పెద్ద విస్ఫోటాలను పక్కన పెడితే, సెకనుకు కొన్ని మిల్లీమీటర్ల నుంచి ఒక మీటరు దాకా. 5 కిలోమీటర్ల లోతు నుంచి తరంగంగా పంపిన మాట 2 సెకన్లలో చేరుతుంది. సెకనుకు ఒక సెంటీమీటరు చొప్పున ఎక్కే మాగ్మాలో సరుకుగా పంపితే దాదాపు ఆరు రోజులు.

రెండూ వాడుకోండి, కానీ పని విడదీయండి. మాట తరంగానిది, జ్ఞాపకం ద్రవానిది. అప్పటికప్పుడు జరిగే సంభాషణలు, హెచ్చరికలు, పోట్లాటలు తరంగాలుగా పోతాయి. పాత పగలు, వంశవృత్తాంతాలు స్ఫటికాల్లో నెమ్మదిగా ఎక్కివస్తాయి. ఇలా పంచుకుంటే ఒక పాత్ర మాట్లాడుతున్నది ఇవాళ్టి సంగతో, నూరేళ్ల కిందటి సంగతో పాఠకుడు పట్టుకోగలడు.

ఇక్కడే కథకు పనికొచ్చే మెలిక ఒకటుంది. గట్టి రాతిలో ధ్వని వేగం మాగ్మాలో కంటే ఎక్కువ, పైపొరల్లో సెకనుకు సుమారు 6 కిలోమీటర్లు. రెండు అగ్నిపర్వతాల మధ్య 60 కిలోమీటర్ల మాగ్మా దారి ఉందనుకోండి. ఆ దారిలో పంపిన మాటకు 24 సెకన్లు పడుతుంది. గోడల్లోకి కారిన ప్రతిధ్వని మాత్రం రాతి గుండా 10 సెకన్లకే చేరిపోతుంది. అంటే ఈ లోకంలో ప్రతి రహస్యమూ అసలు మాట కంటే 14 సెకన్లు ముందు పుకారుగా అందుతుంది. రాతిలో పోయేది మసకగా, ముక్కలుగా ఉంటుంది కాబట్టి అపార్థాలకూ కొదవ ఉండదు.

ఏ మాగ్మా?

బసాల్ట్ 1,100 నుంచి 1,200 డిగ్రీల సెల్సియస్ దగ్గర ఉంటుంది. జిగట పదుల నుంచి వందల పాస్కల్-సెకన్లు. (నీటి జిగట ఇదే కొలతలో 0.001.) బుడగలు దీనిలో స్వేచ్ఛగా పైకి తేలి పగులుతాయి. ఇటలీలోని స్ట్రాంబోలి ఇలాంటిదే. మామూలు రోజుల్లో పది, ఇరవై నిమిషాలకోసారి ఒక పెద్ద గ్యాస్ బుడగ పైకొచ్చి బద్దలవుతుంది. అంటే బసాల్ట్ వాగుడుకాయ. కోపం ఎప్పటికప్పుడు కక్కేస్తుంది, కడుపులో దాచుకోదు.

రయొలైట్ అనే చిక్కటి రకం మాగ్మా 700 నుంచి 850 డిగ్రీల దగ్గరే ద్రవంగా ఉంటుంది, జిగట లక్షల నుంచి కోట్ల పాస్కల్-సెకన్లకు, ఆ పైకి కూడా పోతుంది. బుడగ పుట్టిన చోటే చిక్కుకుంటుంది. శతాబ్దాల పాటు మౌనం, తర్వాత ఒక్కసారిగా విస్ఫోటం. ఆండెసైట్ ఈ రెండింటి నడుమ.

మొదటిసారి రాసేవారు బసాల్ట్‌తో మొదలుపెట్టడం మేలు, సంభాషణలు నడుస్తాయి. రయొలైట్‌ను కథలో ఒకే ఒక్క పెద్దతలకాయగా ఉంచండి. దాన్ని వరదలా ఉరికించడం మాత్రం తరచూ దొర్లే పొరపాటు. రయొలైట్ లావా రోజుకు మీటర్ల లెక్కన జరుగుతుంది. మనుషుల్ని తరిమేది దాని లావా కాదు, పేలినప్పుడు లేచే బూడిద, వేడి గ్యాస్ మేఘం.

శ్రుతి లెక్క

అన్నిటికంటే ఎక్కువ సమయం ఇక్కడే వెచ్చించండి. బుడగలు కలిస్తే మాగ్మాలో ధ్వని వేగం దారుణంగా పడిపోతుంది. ద్రవం బరువుగా ఉంటుంది, బుడగ మెత్తగా నొక్కుకుపోతుంది. ఆ బరువూ ఈ మెత్తదనమూ కలిసి తరంగాన్ని నెమ్మది చేస్తాయి. చేతి లెక్కకు సరిపోయే సూత్రం ఇది: ఒత్తిడిని బుడగల భాగంతో భాగించండి, వచ్చినదాన్ని మిశ్రమ సాంద్రతతో భాగించండి, వర్గమూలం తీయండి. బుడగలు ఒకటి నుంచి ముప్ఫై శాతం మధ్య ఉన్నంతవరకు ఇది కథకు చాలినంత సరిగ్గా పనిచేస్తుంది.

పైన లావా సరస్సు, కింద 100 మీటర్ల బుడగల గొట్టం అనుకుందాం. అంతకంటే లోతున ఒత్తిడికి గ్యాస్ మాగ్మాలోనే కరిగి ఉంటుంది, బుడగలుండవు. గొట్టం నడిమధ్య, అంటే 50 మీటర్ల లోతున ఒత్తిడి సుమారు 13.5 లక్షల పాస్కల్స్. బుడగలు 2 శాతం. సాంద్రత ఘనమీటరుకు 2,550 కిలోలు. లెక్క వేస్తే ధ్వని వేగం సెకనుకు సుమారు 160 మీటర్లు వస్తుంది. 2,500 ఎక్కడ, 160 ఎక్కడ!

బుడగల పొర అడుగున వేగం ఒక్కసారిగా మారుతుంది కాబట్టి ధ్వని అక్కడ తగిలి వెనక్కి వస్తుంది. ఆ కొస మూసి ఉన్నట్టు లెక్క. పైకొస సరస్సు, తెరిచి ఉంది. ఒక కొస మూసిన గొట్టానికి మూల పౌనఃపున్యం కావాలంటే వేగాన్ని పొడవుకు నాలుగింతలతో భాగించాలి: 160ని 400తో భాగిస్తే 0.4 హెర్ట్జ్. రెండున్నర సెకన్లకు ఒక ఊపు. నిజమైన అగ్నిపర్వతాల హోరు ఎక్కువగా 0.5 నుంచి 5 హెర్ట్జ్ మధ్యనే ఉంటుంది కాబట్టి మన ఊహ దారి తప్పలేదు.

ఇప్పుడు సరస్సు పైన లావా గడ్డకట్టి మూత పడిందనుకోండి. రెండు మార్పులు ఒకేసారి జరుగుతాయి. రెండు కొసలూ మూసుకుపోయాయి కాబట్టి నాలుగింతలకు బదులు రెండింతలతో భాగించాలి. అంటే వేగం మారకపోయినా శ్రుతి సరిగ్గా ఒక స్థాయి పైకి (పౌనఃపున్యం రెట్టింపుకు) పోతుంది. దానికి తోడు లోపల ఒత్తిడి పెరుగుతుంది. అది మరో 50 లక్షల పాస్కల్స్ పెరిగి, కొత్త బుడగలు పుడుతూ 2 శాతం అలాగే నిలిచిందంటే వేగం 350కి, శ్రుతి 1.75 హెర్ట్జ్‌కి చేరుతుంది. 0.4 నుంచి 1.75, రెండు స్థాయిలకు పైగా. నోరు మూసుకున్న అగ్నిపర్వతం గొంతు పెంచుతుంది. పాత్రకు పౌరుషం పుట్టించడానికి విశేషణాలు అక్కర్లేదు, ఈ లెక్క చాలు.

ఇక్కడ తప్పు జరిగేదల్లా ఒత్తిడి దగ్గర. కొందరు 10 శాతం బుడగలు పెట్టి, గొట్టాన్ని రెండు కిలోమీటర్లు లాగి, వేగం మాత్రం 2,500 అనే రాసుకుంటారు. అప్పుడు ఆ లోకంలో ఏ రెండు సంఖ్యలకూ పొత్తు కుదరదు. పొడవు మార్చిన ప్రతిసారీ నడిలోతు ఒత్తిడి మళ్లీ వేయండి. లోతు కిలోమీటరుకు సుమారు 2.5 కోట్ల పాస్కల్స్ చొప్పున అది పెరుగుతుంది.

రాగం దానంతటదే వస్తుంది

ఒక కొస మూసిన గొట్టం మూల స్వరంతో పాటు దానికి 3, 5, 7, 9, 11, 13 ఇంతల అనుస్వరాలను పలుకుతుంది. సరి సంఖ్యలు రావు. వీటన్నిటినీ ఒకే స్థాయిలోకి దించి చూడండి. మూల స్వరం షడ్జమం. మూడోది పంచమం. అయిదోది అంతర గాంధారం, తంబుర బాగా శ్రుతి కుదిరినప్పుడు ఎవరూ మీటకుండానే వినిపించే స్వయంభూ గాంధారం ఇదే. ఏడోది కైశికి నిషాదానికి కాస్త దిగువన. తొమ్మిదోది చతుశ్రుతి రిషభం.

పదకొండు, పదమూడు అనుస్వరాలది ఇంకో తీరు. స్థాయిని 1,200 సెంట్లుగా కొలిస్తే పదకొండోది 551 దగ్గర పడుతుంది. శుద్ధ మధ్యమం 500, ప్రతి మధ్యమం 600. సరిగ్గా నడిమధ్య! పదమూడోది 841 దగ్గర, శుద్ధ ధైవతానికీ చతుశ్రుతి ధైవతానికీ మధ్య, మొదటిదాని వైపు కొంచెం ఒరిగి. మధ్యమాన్ని ప్రతి మధ్యమంగా తీసుకుంటే మాగ్మా సహజ స్వరాలు 62వ మేళకర్త రిషభప్రియకూ 64వ మేళకర్త వాచస్పతికీ నడుమ ఎక్కడో కూర్చుంటాయి. పాత్రల్లో సంగీతజ్ఞుడు ఉంటే ఈ నడిమి మధ్యమమే అతనికి పీడకల కావాలి. హార్మోనియం మెట్ల మధ్య సందులో ఉన్న స్వరం అది, గొంతుతోనో వయొలిన్ లాంటి వాద్యంతోనో తప్ప పట్టడం కుదరదు.

మూత పడి రెండు కొసలూ మూసుకుంటే సరి అనుస్వరాలు కూడా చేరి నాదం నిండుగా వస్తుంది. ఈ తేడాను కథలో చెవితో గుర్తుపట్టే విద్యగా పెట్టవచ్చు. బోలుగా వినిపిస్తే సరస్సు తెరిచి ఉంది, నిండుగా వినిపిస్తే మూత పడింది, ఊరు ఖాళీ చేయాలి.

అనుస్వరాలు ఇంత చక్కగా కుదరడం ఆదర్శ గొట్టంలోనే. నిజానికి పైన బుడగలు ఎక్కువ, కింద తక్కువ. వేగం గొట్టమంతా ఒకేలా ఉండదు, అందువల్ల అనుస్వరాలు మూడింతలు, అయిదింతలకు కాస్త అటూ ఇటూ జరుగుతాయి. దీన్ని లోపంగా వదిలేయకండి. ప్రతి కొండకూ తన సొంత అపశ్రుతి ఉంటుంది, మిగతా కొండలు దాన్ని గుర్తుపట్టేది దానితోనే.

జారు, ఆ తర్వాతి నిశ్శబ్దం

మాగ్మా సంగీతంలో గమకాలన్నిటిలోకీ జారుదే పెత్తనం. ఒత్తిడి ఒక మెట్టు నుంచి ఇంకో మెట్టుకు దూకదు, జారుతుంది. అలాస్కాలోని రిడౌట్ అగ్నిపర్వతం 2009లో పేలుళ్లకు ముందు ఇచ్చిన హోరు దీనికి మంచి నమూనా. 1 హెర్ట్జ్ చుట్టుపక్కల మొదలై కొద్ది నిమిషాల్లోనే 30 హెర్ట్జ్ దాకా ఎగబాకింది. దాదాపు అయిదు స్థాయిల జారు. ఆ తర్వాత సుమారు అర నిమిషం నిశ్శబ్దం, అప్పుడు పేలుడు.

రిడౌట్‌లో ఆ స్వరం పుట్టింది గొట్టం ప్రతిధ్వని వల్ల కాదని పరిశోధకులు వివరించారు. చిన్నచిన్న భూకంపాలు ఒకదాని వెనుక ఒకటి తోసుకొచ్చి, సెకనుకు ముప్ఫై దాకా దగ్గరపడి, విడివిడి దెబ్బలు కలిసిపోయి ఒకే స్వరంగా మారాయి. కాబట్టి కథలో జారుకు రెండు పుట్టుకలు పెట్టుకోవచ్చు. ఒత్తిడి పెరిగి గొట్టం శ్రుతి ఎక్కడం ఒకటి, మృదంగం మీద దెబ్బల వేగం పెరిగి పెరిగి స్వరమైపోవడం రెండోది. మొదటిది ఆలోచన, రెండోది ఉద్రేకం అని పంచుకుంటే రెండింటికీ పని దొరుకుతుంది.

ఆ అర నిమిషం నిశ్శబ్దాన్ని వృథా చేయకండి. సన్నివేశంలో హోరు పెరుగుతూ పోయి పేలుడుతో ముగియడం అందరూ రాసేదే. హోరు ఆగిపోయినందుకు జనం ఊపిరి పీల్చుకోవడం, ఆ ముప్ఫై సెకన్లలో ఒక్కరికి మాత్రమే అసలు సంగతి తెలియడం నిజానికి దగ్గరగా ఉంటుంది.

తాళం: ఒక ఆటవెలదికి అరగంట

అమెరికాలోని సెయింట్ హెలెన్స్ 2004 నుంచి 2008 వరకు గట్టి లావాను నెమ్మదిగా పైకి తోసింది. ఆ తోపులో రాయి రాయికి పట్టి, జారి, మళ్లీ పట్టి చిన్న భూకంపాలు క్రమం తప్పకుండా వచ్చాయి. వాటికి డోలు దెబ్బలనే పేరు పడింది. దెబ్బకూ దెబ్బకూ మధ్య 30 నుంచి 300 సెకన్లు.

ఇది మన ఛందస్సుకు తేలిగ్గా లొంగుతుంది. 30 సెకన్ల విరామం లఘువు, 60 సెకన్లది గురువు అనుకోండి. మూడు మాత్రల సూర్యగణానికి 90 సెకన్లు. ఆటవెలదిలో రెండు, నాలుగు పాదాలు అయిదేసి సూర్యగణాలు, అంటే పాదానికి 450 సెకన్లు. ఒకటి, మూడు పాదాల్లో మూడు సూర్యగణాలు, రెండు ఇంద్రగణాలు. ఇంద్రగణానికి నాలుగో అయిదో మాత్రలు. పద్యం మొత్తం 64 నుంచి 68 మాత్రలు, 32 నుంచి 34 నిమిషాలు. వేమన పద్యమంత పద్యం చెప్పడానికి ఈ కొండకు అరగంట దాటుతుంది.

దీనివల్ల మనిషికీ కొండకూ మధ్య సంభాషణ ఎలా సాగాలో తేలిపోతుంది. ఒక ప్రశ్న, ఒక జవాబు అంటే పూట గడుస్తుంది. వినేవాడు కాగితం మీద లఘువు, గురువు గుర్తులు వేసుకుంటూ కూర్చోవాలి. మధ్యలో కునుకు తీస్తే గణభంగం. యతి, ప్రాస అక్షరాలకు సంబంధించినవి, ఇక్కడ అక్షరాలు లేవు కాబట్టి వాటిని వదిలేయండి. కావాలంటే యతిస్థానంలో దెబ్బ బలాన్ని పెంచవచ్చు.

ఎంత దూరం వినిపించాలి?

బుడగల మాగ్మా ధ్వనిని త్వరగా మింగేస్తుంది. పై శ్రుతులు ముందు పోతాయి, కింది శ్రుతులు మిగులుతాయి. ఒక లెక్క పెట్టుకోండి: బుడగల గొట్టంలో పది ఊపుల తర్వాత నాదం నూటికి నాలుగు వంతులకు తగ్గిపోతుంది. 0.4 హెర్ట్జ్ స్వరం 25 సెకన్లు నిలుస్తుంది, దాని పదమూడో అనుస్వరం రెండు సెకన్లు కూడా నిలవదు. అందుకే దగ్గరివాళ్లకు గమకాలతో సహా మొత్తం రాగం, దూరపువాళ్లకు ఒట్టి షడ్జమ పంచమాలు. ప్రేమలేఖ గొట్టంలో రాసుకోవచ్చు గానీ, సరిహద్దు దాటించేది రెండు స్వరాల తంతి మాత్రమే.

గాలిలో పోయే నాదానిది వేరే తీరు. ఈక్వడార్‌లోని కొటోపాక్సి లోతైన బిలం 2016లో అయిదు సెకన్లకు ఒక ఊపు చొప్పున, ఒక్కో మోతలో నిమిషానికి పైగా మోగింది. 1883లో క్రకటోవా పేలుడు సుమారు 4,800 కిలోమీటర్ల దూరాన రోడ్రిగ్స్ దీవిలో చెవులకే వినిపించింది. దూరం కావాలంటే మాగ్మాను వదిలి గాలిని నమ్ముకోండి. కానీ గాలిలోకి వచ్చిన మాట ఎవరైనా వినవచ్చు.

జ్ఞాపకం, చావు

మాగ్మాలో పెరిగే ప్లేజియోక్లేజ్ అనే ఖనిజపు స్ఫటికాన్ని పలుచగా కోసి సూక్ష్మదర్శిని కింద పెడితే నడుమ నుంచి అంచు దాకా పొరలు పొరలుగా వలయాలు కనిపిస్తాయి. మాగ్మా వేడి, ఒత్తిడి, నీటి శాతం మారినప్పుడల్లా ఒక వలయం. జ్ఞాపకానికి ఇంతకంటే మంచి పుస్తకం దొరకదు, వేగంతోనే పేచీ. లావా సరస్సుల్లో ఈ స్ఫటికాల పెరుగుదల సెకనుకు మీటరులో లక్ష కోట్లవ వంతు స్థాయిలో ఉంటుంది. 10 మైక్రాన్ల (మిల్లీమీటరులో నూరో వంతు) పొరకు నాలుగు నెలలు, మిల్లీమీటరుకు మూడు దశాబ్దాలు. కాబట్టి స్ఫటికంలో పాట ఉండదు, ఆ ఋతువు మనోస్థితి ఉంటుంది. "ఆ ఏడు దిగులుగా గడిచింది" అనేంత మాత్రమే. స్ఫటికాన్ని చెవి దగ్గర పెట్టుకుంటే కీర్తన వినిపించినట్టు రాస్తే లెక్క తప్పినట్టే.

అప్పటికప్పుడు పలికిన మాట గడ్డకట్టి మిగలాలంటే ప్యూమిస్ రాయి పెట్టండి. విస్ఫోటంలో బుడగలు ఉన్నవి ఉన్నట్టే గాజులా బిగిసిపోతాయి. చివరి మాటే అందులో ఉంటుంది, ముందుది ఉండదు. పైగా ఆ రాయి నీటిపై తేలుతుంది. క్రకటోవా ప్యూమిస్ హిందూ మహాసముద్రం దాటి ఆఫ్రికా తీరానికి చేరింది. మరణవాంగ్మూలం అలల మీద ఖండం దాటడానికి మంత్రతంత్రాలు అక్కర్లేదు.

చావు లెక్క మరీ తేలిక. చీలికలోకి దూరిన మాగ్మా మందంలో సగాన్ని మీటర్లలో తీసుకుని వర్గం చేసి, పది లక్షలతో గుణిస్తే అది గడ్డకట్టే కాలం సెకన్లలో సుమారుగా వస్తుంది. ఒక మీటరు చీలికకు మూడు రోజులు. పది మీటర్లకు పది నెలల లోపు. వంద మీటర్లకు దాదాపు ఎనభై ఏళ్లు, ఒక మనిషి నిండు జీవితం. కథానాయకుడితో పాటు బతికి అతనితో పాటే పోయే మాగ్మా పాయ కావాలంటే వంద మీటర్లు పెట్టండి.

గడ్డకట్టాక మోగదని కాదు. బళ్లారి దగ్గర కుప్‌గల్ కొండలో డోలరైట్ చీలిక ఒకటుంది. ఒకప్పుడు మాగ్మాగా దూరి గట్టిపడిన రాయే అది. అక్కడి కొన్ని బండల్ని రాతితో కొడితే గంటలా మోగుతాయి. నవీన శిలాయుగపు మనుషులు వాటిని కొట్టిన గుంటలు, చెక్కిన బొమ్మలు ఇంకా ఉన్నాయి. చచ్చిన మాగ్మాతో మాట్లాడే కులవృత్తి ఒకటి మీ లోకంలో ఉండాలంటే ఆనవాలు ఇక్కడ దొరుకుతుంది.

కథాస్థలం తెలుగు నేలే కావాలంటే రాజమహేంద్రవరం చుట్టుపక్కల చూడండి. పంగిడి, గౌరీపట్నం వైపు క్వారీల్లో తవ్వే నల్లరాయి సుమారు 6.6 కోట్ల ఏళ్ల నాటి లావా. పడమటి దక్కన్ నుంచి వెయ్యి కిలోమీటర్లు పారి వచ్చిందని భూవిజ్ఞానుల అంచనా. లావా పొరల నడుమ సున్నపురాయి పొరలో నత్తగుల్లలు, ఆల్చిప్పలు దొరుకుతాయి. రెండు మాటల మధ్య సముద్రం వచ్చి వెళ్లేంత విరామం.

వినేవాళ్లను ఎక్కడ కూర్చోబెట్టాలి?

మనిషి చెవి 20 హెర్ట్జ్ కింద వినలేదు. మీ మాగ్మా 0.4 దగ్గర పాడుతోంది. ఏనుగులు 14 నుంచి 24 హెర్ట్జ్ మధ్య మాట్లాడుకుంటాయి కానీ వాటికీ ఇది అందదు. కాబట్టి వినడం అంటే చూడడమే: పళ్లెంలో నీళ్ల వణుకు, వేలాడదీసిన గుండు ఊగిసలాట, దారానికి కట్టిన కలం కాగితంపై గీసే గీత. విన్న గీతను తర్వాత వేగంగా వాయించి పాటగా మార్చే గాయకుడు వేరొకడు ఉండాలి. ఈ ఇద్దరికీ పడకపోతే కథకు ఇంకా మంచిది.

కాపలా చోటు గుంటలో పెట్టకండి. కార్బన్ డయాక్సైడ్ గాలి కంటే బరువు, పల్లంలో నిలుస్తుంది, వాసన రాదు. 1986లో కామెరూన్‌లోని న్యోస్ సరస్సు నుంచి ఒక్క రాత్రిలో బయటపడిన ఆ వాయువు సుమారు 1,700 మందిని చంపింది. గట్టు మీద, గాలి వీచి వచ్చే వైపున కూర్చోబెట్టండి. సల్ఫర్ డయాక్సైడ్ అగ్గిపుల్ల గీసినట్టు ముక్కుకు ఘాటుగా తగులుతుంది. హైడ్రోజన్ సల్ఫైడ్ కుళ్లిన గుడ్డు వాసన, మోతాదు మించితే ముక్కు దాన్ని పసిగట్టడం మానేస్తుంది. వాసన పోయిందని పాత్ర సంతోషిస్తే అనుభవజ్ఞుడు చెయ్యి పట్టుకుని లాక్కుపోవాలి.

రాసే ముందు ఒకసారి నిజంగా వినండి

లెక్కలన్నీ అయ్యాక నిజమైన అగ్నిపర్వతాన్ని చెవులారా విని, అప్పుడు కలం పట్టండి. భూకంప కేంద్రాల రికార్డులు ఎర్త్‌స్కోప్ అనే సంస్థ ఆన్‌లైన్ భాండాగారంలో ఉచితంగా దొరుకుతాయి. హవాయి కేంద్రాల సంకేతం హెచ్‌వీ, అలాస్కావి ఏవీ. పైథాన్‌లో ఆబ్స్‌పై అనే ఉచిత ఉపకరణంతో ఒక కేంద్రం నుంచి ఒక రోజు రికార్డు దించుకోండి. సెకనుకు 100 నమూనాలు (కొలతలు) ఉన్నది ఎంచుకుంటే లెక్క సులువు.

ముందు సగటును తీసేయండి, వాలును సరిచేయండి, రెండు కొసల్నీ మెల్లగా సున్నాకు దించండి. ఈ చివరిది మరిస్తే మొదట్లో, చివర్లో టప్పుమని శబ్దం వస్తుంది. తర్వాత 0.5 నుంచి 20 హెర్ట్జ్ మధ్య వడపోయండి. వేవ్ ఫైలుగా రాసేటప్పుడు ఫ్రేమ్‌రేట్ (సెకనుకు వినిపించే నమూనాల సంఖ్య) 25,600 ఇవ్వండి. నమూనాలు 256 రెట్లు వేగంగా పరుగెత్తుతాయి, అంటే సరిగ్గా ఎనిమిది స్థాయిలు పైకి. 1 హెర్ట్జ్ హోరు 256 హెర్ట్జ్ అవుతుంది, ఒకటి శ్రుతికి కాస్త కింద. పైన లెక్కకట్టిన 0.4 హెర్ట్జ్ కొండ, వడపోత కింది హద్దును అంతకంటే దించితే, 102 దగ్గర గంభీరంగా పలుకుతుంది. ఇరవై నాలుగు గంటల రికార్డు అయిదు నిమిషాల 37 సెకన్లకు కుదించుకుపోతుంది.

ఫైలు తెరిస్తే నిశ్శబ్దంగా ఉందంటే శబ్దం స్థాయిని సరిదిద్దే రీస్కేల్ ఐచ్ఛికం పెట్టలేదని అర్థం. అంతటా గరగరమంటే రికార్డులో ఖాళీలుండి వాటిని సున్నాలతో నింపారు, ఖాళీ లేని గంట వెతుక్కోండి. అడుగున ఆగకుండా బొంగురు శ్రుతి ఒకటి మోగుతోందంటే అది అగ్నిపర్వతం కాదు, సముద్రం. అలల తాకిడికి నేల 0.1 నుంచి 0.3 హెర్ట్జ్ దగ్గర ఎప్పుడూ ఊగుతూనే ఉంటుంది, 256 రెట్లకు అది 26 నుంచి 77 హెర్ట్జ్ మధ్య వినిపిస్తుంది. వడపోత కింది హద్దు 0.5 దగ్గర ఉంటే చాలావరకు పోతుంది, తుఫాను రోజుల్లో 0.7కు పెంచాలి. మీ లోకంలో సముద్రం కూడా ఒక పాత్రయితే ఆ హద్దు తీసేసి, రెండింటినీ కలిపి మరోసారి వినండి.